తపస్సు మాను మీద మునీశ్వరి

చింతమాను ఎక్కినందుకు మునీశ్వరి సంసారం పోయిందని మదనపల్లె చుట్టుపక్కల చెప్పుకునేవారు. అది సగం నిజం. మాను ఎక్కినందుకు పోలేదు. ఎక్కడం తప్పని ఒప్పుకోనందుకు పోయింది.

ఇది 1991 మార్చిలో జరిగింది. మదనపల్లెకు మూడు మైళ్ళ దూరాన అత్తవారికి పదమూడు చింతమాన్లు ఉండేవి. కాయ పండి, గాలి వీస్తే పెంకులు గలగలమంటున్నాయి. దులపడానికి కుదుర్చుకున్న మనిషి జ్వరంతో పడుకున్నాడు. అత్తమామలూ భర్తా కలికిరిలో పెళ్ళికి వెళ్ళారు. పడమట మబ్బు పట్టింది. వాన తగిలితే చింతపండు నల్లబడుతుంది. నల్లబడిన పండును మండీలో ఎవరూ ముట్టరు. ఇంట్లో మిగిలిన ఒకే ఒక మనిషి, ఇరవైనాలుగేళ్ళ మునీశ్వరి, చీర గోచీ పోసి కట్టి, పొడుగాటి కర్ర పట్టుకుని మాను ఎక్కింది. పొద్దు గూకేలోగా ఏడు మాన్లు దులిపి, కాయంతా పంచలోకి చేర్చింది. ఆ తరువాతే వాన పడింది.

తిరిగివచ్చినవారు పండు తడవలేదని సంతోషించారు, పక్కింటావిడ నోరు విప్పేదాకా.

“మీ కోడలు ఎక్కిందమ్మా! మగోళ్ళు దోవన పోతాంటే నెత్తిమింద కోతి మాదిరి కూసోనుండె.”

ఆడది ఎక్కిన మాను కాపు కాయదని ఆ ఇంటి నమ్మకం. మగవారి తలలపైన ఆడదాని పాదాలు ఉండడం ఇంకా పెద్ద దోషం. దానికి విరుగుడు ఆ ఇంటి పెద్దలే నిర్ణయించారు. తలస్నానం చేసి, తడిబట్టతో, మొదట ఎక్కిన మాను చుట్టూ పదకొండు ప్రదక్షిణలు చేయాలి. చుట్టు చుట్టుకూ తప్పయిందని చెంపలు వేసుకోవాలి.

“సుట్టేస్తే అయిపోతాది గదా,” అన్నాడు భర్త. “పదకొండు సుట్లు. నీ సొమ్మేం పోతాది?”

అతడు చెడ్డవాడు కాడు. గొడవ ఎంత చిన్న దోవన పోతే అంత మంచిదనుకునే మనిషి. మునీశ్వరి కూడా అలాగే అనుకుని మొదలుపెట్టింది. మొదటి మూడు చుట్లలో చెంపలు వేసుకుంది. నాలుగో చుట్టులో తల ఎత్తి చూస్తే, ఉత్తరపు కొమ్మ చివర తాను దులపకుండా వదిలేసిన కాయ కనిపించింది. ఆ తరువాత ఆమె కళ్ళు కిందికి దిగలేదు. ఏ కొమ్మ మీద ఎక్కడ నిలబడిందో, మళ్ళీ ఎక్కితే ఎక్కడ నిలబడాలో, అదే చూస్తూ తిరిగింది. పదో చుట్టు ముగిసేసరికి ఒక సంగతి స్పష్టమైంది. తప్పు చేశానని నోటితో అంటున్నది గానీ, పుట్టి బుద్ధెరిగాక తాను అంత బాగా చేసిన పని మరొకటి లేదు. పదకొండో చుట్టుకు ఆమె మాను వైపు తిరగలేదు, రోడ్డు వైపు నడిచింది.

“యాడికి మే?” అని అత్త అరిచింది.

“పుంగనూరికి.”

రోడ్డు మీద ఆగి ఉన్న బస్సుకు ఆ ఊరి బోర్డు ఉంది. అంతకుమించి పుంగనూరితో ఆమెకు ఏ సంబంధమూ లేదు.

మరుసటి ఏడు ఆ మాన్లు తక్కువ కాశాయి. అత్తగారు అది శాపమన్నది. ఒక ఏడు విరగకాసిన చింత మరుసటి ఏడు వెనకాడుతుందని తోపు పెట్టుకున్నవాళ్ళందరికీ తెలుసు. కాని నింద వేయదలచినవారు కాపు లెక్కలు చూడరు.

పుంగనూరులో ఆమెకు ఇల్లు బాడుగకు ఇచ్చినవారు లేరు. మొగుడు చచ్చినదానికైతే ఒక మూల చూపిస్తారు. మొగుడు బతికుండగా వచ్చేసినదానికి ఆ మూల కూడా లేదు. ఊరి చివర చింతతోపులో, పండు నిలవచేసే రేకుల షెడ్డులో, కావలి ఉంటానని చెప్పి చేరింది. తోపును గుత్తకు తీసుకున్నవారు మొదట ఆమెను కింద కాయలు ఏరే ఆడవాళ్ళలోనే నిలబెట్టారు. అక్కడ రత్నమ్మ అనే నోరున్న మనిషి పరిచయమైంది. ఒకనాడు మాన్లెక్కే ఇద్దరిలో ఒకడు తాగి వచ్చి మొదటి కొమ్మ మీదే కూలబడ్డాడు. వాణ్ణి దించడానికి ఎవరో ఒకరు ఎక్కాలి. మునీశ్వరి ఎక్కింది. వాణ్ణి దించింది, మళ్ళీ పైకి వెళ్ళి మాను దులిపింది. దిగేసరికి రత్నమ్మ కొంగు నోట్లో కుక్కుకుని నవ్వుతోంది.

“వాడు తాగి పడ్న్యాడు, నువ్వు తాగకుండా ఎక్కినావు. ఈడ తిక్కోళ్ళు ఎవురో నాకు తెలీకుండా ఉండాది.”

అప్పటినుంచి ఆమె మాన్లెక్కే మనిషి. చీరతో ఎక్కడం ప్రమాదమని రెండుసార్లు చిరుకొమ్మలకు తగులుకున్నాక తెలిసింది. ఖాకీ ప్యాంటూ చొక్కా కుట్టించుకోవడానికి వెళితే, బజారులో దర్జీ టేపు మెడలో వేసుకుని నిలబడ్డాడే తప్ప కొలత తీయలేదు. ఆడమనిషికి ప్యాంటు కొలత తీసిన చేయి అని తన చేతికి పేరు వస్తుందని అతని భయం. మునీశ్వరి షెడ్డుకు పోయి, పురికొసతో తన కొలతలు తానే తీసుకుని, ఒక్కో కొలతకు ఒక్కో ముడి వేసి తెచ్చి బల్ల మీద పెట్టింది. “ముడికీ ముడికీ నడాన ఉండేది నేను,” అన్నది. “దీన్ని బట్టి కుట్టు.” ఆ బట్టలు సరిగ్గా సరిపోయాయి. చిక్కుపడుతున్నదని జుట్టు కూడా మెడదాకా కత్తిరించుకుంది.

ఊరు ఊరుకోలేదు. మగరాయుడన్నారు, మొగుణ్ణి ఇడిసిందన్నారు, కోతి అన్నారు. మొదటి మూడేళ్ళు ఆమె కూడా ఆ పేర్లతోనే తనను తాను చూసుకుంది. బజారు దోవన కాక చెరువు వెనక డొంక దోవన పనికి పోయేది. ఎదురైనవారికి తానే పక్కకు తప్పుకునేది. అది మారడానికి కారణం ఏ ఉపదేశమూ కాదు, ఒక కొమ్మ. చింతకొమ్మ పైకి పచ్చగా ఉండి లోపల డొల్లబారి ఉండవచ్చు. మడమతో తడితే వచ్చే చప్పుడును బట్టి అది మోస్తుందో మోయదో మునీశ్వరి చెప్పగలిగేది. అది మొదట ఒకడు గమనించాడు, తరువాత నలుగురు. 1994 నాటికి చుట్టుపక్కల తోపుల్లో మాన్లెక్కే మగవాళ్ళు ఎక్కేముందు ఆమెను పిలిచి, “మునీశ్వరీ, ఇది మోస్తాదా?” అని అడగడం మొదలుపెట్టారు. ఆమె మోస్తుందంటే అడుగు వేసేవారు, మోయదంటే వెనక్కి తీసేవారు.

ఒక సాయంత్రం షెడ్డు ముందు జొన్నరొట్టె కాల్చుకుంటూ ఆమె దీన్ని గురించి ఆలోచించింది. కోతి అని పిలిచినవాడే ఆ మధ్యాహ్నం ఆమె మాట మీద తన ప్రాణం నిలబెట్టి నలభై అడుగుల ఎత్తున నడిచాడు. అయితే వాడు నోటితో అన్నది నిజమా, కాలితో ఒప్పుకున్నది నిజమా? మరునాటినుంచి ఆమె బజారు దోవన పనికి పోయింది.

ఎవరైనా “నువ్వు ఎవురి తాలూకు మే?” అని అడిగితే అప్పటిదాకా తల వంచుకునేది. ఇప్పుడు, “నా తాలూకే,” అని నడిచిపోయేది.

ఎక్కేటప్పుడు ఊపిరి నిలపడానికి ఆమె పాడుకునేది. పుంగనూరు చుట్టుపక్కల ఊళ్ళల్లో ఎండాకాలం పద్దెనిమిది రోజులు భారతం జరుగుతుంది. పగలు కథ, రాత్రి వీధినాటకం. అందులో విన్న పద్యాలే ఆమె పాటలు. 1996లో ఒకనాడు మాను కింద ఒక ముసలాయన గొడుగు మూసి నిలబడి, తల పైకెత్తి అరిచాడు.

“అమ్మా! ఎవురో గానీ ఆ పద్యం గొంతు పిసికి సంపతాండావు!”

ఆయన వాద్యారు బైరప్ప. కుప్పం వైపు వీధినాటకాలు నేర్పే గురువును వాద్యారంటారు. మునీశ్వరి కొమ్మ మీదినుంచే అడిగింది, “అట్లయితే ఎట్ల పాడల్లో సెప్పప్పా, దిగమంటే మాత్రం దిగను.”

“దిగొద్దు. ఆడనే ఉండి పాడు. ఊపిరి యాడ తీసుకుంటాండావు? పాదం నడాన. అందుకే పద్యం ఇరిగిపోతాండాది. అడుగేసేటప్పుడు పాడు, అడుగు నిలిపినప్పుడు ఊపిరి తీసుకో.”

చెట్టెక్కే మనిషికి ఇంతకంటే తేలికగా అర్థమయ్యే పాఠం ఉండదు. ఆమె అక్కడే పాడి చూపింది. ముసలాయన గొడుగు మళ్ళీ తెరవడం మరచిపోయాడు. ఆ ఏడునుంచి చింత పని ముగిశాక మే నెలలో ఆమె బైరప్ప మేళంతో ఊళ్ళు తిరిగేది. తెర వెనక కూర్చుని, వేషగాళ్ళు మరచిన పద్యం మొదటి మాట అందించడం ఆమె పని. ఏడేళ్ళలో అన్ని వేషాల పద్యాలూ ఆమెకు నోటికి వచ్చాయి. తెర ముందుకు మాత్రం ఆమెను ఎవరూ పిలవలేదు. ద్రౌపది వేషం కూడా మీసం గొరిగించుకున్న మగవాడే కట్టేవాడు.

2003 మే నెలలో, కుప్పానికి నాలుగు మైళ్ళ దూరాన సిద్దంపల్లెలో భారతం పెట్టారు. వరుసగా మూడో ఏడు వానలు లేవు, అందుకే పెట్టారు. ఆ భారతంలో అన్నిటికంటే ముఖ్యమైనది అర్జున తపస్సు. ఊరి బయట ఒక పొడుగాటి మాను పాతి, దానికి మెట్లుగా చెక్కమేకులు కొడతారు. అర్జునుడి వేషం కట్టినవాడు పట్టపగలు పద్యాలు పాడుతూ మేకు మేకు మీద అడుగు వేసి కొసకు చేరుతాడు. అక్కడ కట్టిన పలక మీద తపస్సు చేసి, నిమ్మకాయలు విసురుతాడు. పిల్లలు లేని ఆడవాళ్ళు తడిచీరలతో కింద కూర్చుని ఆ నిమ్మకాయల కోసం ఎదురుచూస్తారు. చివరికి శివుడు వచ్చి, తపస్సుకు మెచ్చానని పాశుపతాస్త్రం ఇచ్చి దిగి రమ్మంటాడు. శివుడి వేషం ఊరిపెద్దే కట్టాలి. సిద్దంపల్లెలో అది భారతం కమిటీ పెద్ద గంగులప్పకు తాతల నాటినుంచి వస్తున్న హక్కు.

అంతకు ముందటేడు వెంకటగిరికోట దగ్గర ఒక ఊరివారు యాభై అడుగుల మాను నిలిపారు. గంగులప్ప పంతానికి పోయి అరవైరెండు అడుగుల నీలగిరి మాను తెప్పించాడు. ఆ ఒక్క పంతమే అయితే పనికి అడ్డు వచ్చేది కాదు. మానుకు పసుపూ గంధమూ పూయమని ఊరి వడ్రంగికి అప్పగించారు. ఆ వడ్రంగి ముప్పై ఏళ్ళుగా కృష్ణాష్టమికి ఉట్లమాను సిద్ధం చేస్తున్న మనిషి. ఉట్లమాను ఎక్కే పడుచువాళ్ళు జారాలి, జనం నవ్వాలి. అందుకని దానికి ఆముదం దట్టంగా పట్టిస్తారు. మానంటే ఆయన చేయి ఆముదం వైపే పోతుంది. ఆముదంలోనే పసుపు కలిపి, కిందినుంచి కొసదాకా, మేకులతో సహా శ్రద్ధగా పట్టించాడు. ఆ పచ్చదనం చూసి అందరూ మెచ్చుకున్నారు.

అర్జునుడు ఉమాపతి. మదనపల్లెలో గుమాస్తా, గొంతు విప్పితే మూడు వీధులు వినపడుతుంది. పదిహేనేళ్ళుగా అర్జునుడంటే అతడే. ఆనాడు మొదటి పద్యం ఎత్తుకుని నాలుగో మేకు మీద కాలు పెట్టగానే జారి, మడమ మెలికపడి, కిందపడ్డాడు. కాలు నిమిషాల్లో పొంగింది. మరో ఇద్దరు పడుచువాళ్ళు ప్రయత్నించి, పసుపు పూసుకుని తిరిగివచ్చారు.

తెర వెనక కమిటీ తలలు పట్టుకుంది. తపస్సు జరగకుంటే పాశుపతం రాదు. పాశుపతం లేకుంటే యుద్ధం లేదు. యుద్ధం లేకుంటే దుర్యోధనుడు చావడు. బయట, చివరి రోజు భీముడు తొడలు విరగ్గొట్టే దుర్యోధనుడి మట్టిబొమ్మకు అప్పటికే ఆ తొడలు కూడా అయిపోయాయి. అతడు చావకుంటే భారతం ముగియదు; ముగియని భారతం ఊరికి అరిష్టం. ముప్పైమంది ఆడవాళ్ళు తెల్లవారినుంచి ఉపవాసంతో కూర్చుని ఉన్నారు.

“మా మునీశ్వరి ఎక్కుతాది,” అన్నాడు బైరప్ప.

గంగులప్ప అప్పటికే ఒళ్ళంతా బూడిదరంగు పూసుకుని, మెడలో అట్టపాము వేసుకుని ఉన్నాడు. ఆమెను పైనుంచి కిందికి చూశాడు.

“నూనె మాను మే అది.”

“వానలో నానిన చింతమాను కన్నా జారదప్పా. అన్నం వండిన పొయ్యిలో బూడిద ఒక సంచెడు ఇప్పించు. మేకు మేకుకీ సల్లుకోని పోతా.”

గంగులప్ప ముఖం వికసించింది. “అట్లయితే సరే! ఉమాపతి జడల టోపీ పెట్టుకో, గెడ్డం కట్టుకో, మొగానికి రంగు పూస్తారు. పద్యాలు ఉమాపతి ఈడ కూసోని మైకులో పాడతాడు. నువ్వు ఊరికే ఎక్కు. ఎవురికీ తెల్దు.”

“నాకు తెలుస్తాది గదప్పా.”

“నీకు తెలిస్తే యామి?”

“నా గొంతుతో నేనే పాడతా. వాద్యారు ఎవురని అడిగినప్పుడు నా పేరు నేనే సెప్తా. అట్లయితేనే ఎక్కుతా.”

ఆ అడగడం ఆటలో ఆనవాయితీ. ఏ వేషం వచ్చినా వాద్యారు “తమరెవరు?” అని అడగాలి, వేషం జవాబు చెప్పాలి. అర్జునుడైతే తన పది పేర్లూ చెబుతాడు. జవాబు చెప్పని వేషం ఆటలో లేనట్టే.

“ఆడదాని పేరు వింటే జనం ఒప్పుకుంటారా?”

“ఒప్పుకోకుంటే దిగుతా. దిగేది కూడా నాకు తెలుసు.”

గంగులప్ప ఎండ వైపు చూశాడు, వాచీ చూశాడు. “సరే, సరే. బిరీన కానీ,” అన్నాడు.

పుంగనూరునుంచి భారతం చూడవచ్చిన రత్నమ్మ వంటపొయ్యిలోంచి బూడిద ఎత్తి తెచ్చి, సంచి ఆమె నడుముకు కట్టింది. కాషాయం గోచీ, రుద్రాక్షలు, జడలు, గెడ్డం, భుజాన నిమ్మకాయలూ పండ్లూ పూలూ నింపిన జోలె. జనంలోకి వచ్చిన అర్జునుణ్ణి చూసి ఉమాపతి లేచాడనుకుని ఈలలు వేశారు. మునీశ్వరి మేకు మీద బూడిద చల్లి, అరచేత్తో రుద్ది, అడుగు వేసింది. నూనెను బూడిద పీల్చుకుంది. ఒకటి, రెండు, ఎనిమిది మేకులు. పదిహేను అడుగుల ఎత్తున ఆగింది. కింద బైరప్ప తాళాలు మోగించి, నాటక ఫక్కీలో అడిగాడు.

“మానవమాత్రులు ఎక్కజాలని మాను ఎక్కుచున్న మహానుభావా, తమరెవరు?”

ఆమె నోరు తెరిచేలోగా, చెట్లకు కట్టిన నాలుగు మైకు బూరల్లోంచీ ఉమాపతి గొంతు వచ్చింది. తెర వెనక కమిటీవారు మైకు అతని నోటి ముందు పెట్టి పాడమన్నారు. అర్జునుడి పేర్లలో మొదటి మూడూ వినపడేసరికి జనం “ఉమాపతీ! ఉమాపతీ!” అని కేకలు పెట్టారు. బైరప్ప తాళాలు ఆగిపోయాయి.

మునీశ్వరి మానును వాటేసుకుని నిలబడింది. పన్నెండేళ్ళలో ఊళ్ళు ఆమెకు ఎన్నో పేర్లు పెట్టాయి. ఆమె నోట మరొకరి గొంతు పెట్టడం ఇదే మొదలు. దిగితే ఏమవుతుందో ఆమెకు తెలుసు. సగం మానునుంచి దిగివచ్చిన మనిషని పుంగనూరుదాకా పాకుతుంది. మరి ఏ తోపులోనూ ఆమెను నమ్మి మాను అప్పగించరు. పైగా కరువుకు కారణం కూడా ఆమే అవుతుంది. ఎక్కితే ఊరంతా చల్లగా ఉంటుంది, కాని ఎక్కింది ఉమాపతి అవుతాడు. తాను ఎవరని తనను అడిగిన ప్రశ్నకు మరొకరు జవాబు చెప్పగా విని గమ్మున పైకి పోయిన మనిషి, కొసకు చేరాక మాత్రం ఎవరు? పదకొండో ప్రదక్షిణ చేయనిదానికి ఈ మేకు ఎక్కడం చేతకాలేదు.

ఒక చేత్తో మాను పట్టుకుని, రెండో చేత్తో జడల టోపీ ఊడబెరికి కిందికి వదిలింది. దాని వెనకే గెడ్డం పోయింది. టోపీ వచ్చి శివుడి కాళ్ళ ముందు పడింది.

“యమ్మో! ఆడమనిషిరా!”

మైదానం తేనెతుట్టె రేగినట్టయింది. ముందు వరుసలో ఇద్దరు తువ్వాళ్ళు దులుపుకుని లేచిపోయారు. గంగులప్ప పరుగున వచ్చి మాను మొదట నిలబడ్డాడు.

“యామి పని మే ఇది! ఎక్కితే ఎక్కు, దిగితే దిగు!”

“ఎక్కేది ఉమాపతన్న అయితే ఆయన్ని రమ్మనప్పా. నాకేం తొందర లేదు, ఈడనే కూసోనుంటా.”

వెనకెక్కడో ఎవరో కిసుక్కున నవ్వారు. అంతలో తెర పక్కకు తొలగింది. ఉమాపతి ఒంటికాలి మీద గెంతుతూ, మైకు తీగను ఈడ్చుకుంటూ బయటికి వచ్చాడు. పదిహేనేళ్ళు ఆ ప్రశ్నకు మాను మీదినుంచి జవాబు చెప్పినవాడు అతడు. తెర చాటున కూర్చుని చెప్పిన జవాబు ఎంత నీచంగా వినిపించిందో అతని చెవికే బాగా తెలుసు.

“అయ్యల్లారా, అమ్మల్లారా,” అన్నాడు. “ఉమాపతి ఈడుండాడు. నా కాలు సూడండి, గుమ్మడికాయ మాదిరి ఉండాది. నా గొంతు పైకి పోతాది గానీ నేను పోలేను. ఆ మింద ఉండేదెవురో, ఆ మింద ఉండేవాళ్ళనే అడగండి.”

అని మైకు ఆర్పేశాడు.

తడిచీరల ఆడవాళ్ళలోంచి ఒక పడుచు లేచి నిలబడింది. “ఎవురైతే యాంది సామీ! పైకి పోయినోళ్ళు ఏసిందే నిమ్మకాయ! పొద్దున్నుంచి ఎండలో మాడతాండాము!”

“అడుగు వాద్యారూ!” అని రత్నమ్మ అరిచింది. “అడుగు!” అని మరికొందరు అందుకున్నారు.

బైరప్ప మైకు అడగలేదు. మాను కిందికి నడిచి, తల పైకెత్తి, డెబ్బై ఏళ్ళ గొంతుతో మళ్ళీ అదే ప్రశ్న అడిగాడు.

“నేను మునీశ్వరిని!” అన్నది ఆమె. “పుంగనూరు తోపుల్లో మాన్లెక్కేదాన్ని! ఈ పొద్దు అర్జునుణ్ణి!”

వెంటనే పద్యమెత్తింది. అర్జునుడు, ఫల్గుణుడు, పార్థుడు, కిరీటి, శ్వేతవాహనుడు, బీభత్సుడు, విజయుడు, జిష్ణుడు, సవ్యసాచి, ధనంజయుడు. పది పేర్లూ పది మేకులకు ఒక్కొక్కటిగా, అడుగు వేసినప్పుడు పేరు, నిలిపినప్పుడు ఊపిరి. ఏడో పేరు దగ్గర బైరప్ప తాళాలు కలిశాయి. పదో పేరు తరువాత జనం గోవిందలు పెట్టారు. లేచిపోయిన ఇద్దరూ మైదానం అంచున ఆగి, మెడలు వెనక్కి వంచి చూస్తూ నిలబడ్డారు.

ఎత్తు పెరిగేకొద్దీ బూడిద గాలికి లేచి కింద పడుతోంది. తడిచీరలవారు దోసిళ్ళు పట్టి, నుదుట పెట్టుకుని, పక్కవారికి పంచసాగారు.

“అయ్యో, అది పొయ్యి బూడిదమ్మా! నేనే ఎత్తి తెస్తి!” అన్నది రత్నమ్మ.

“పైనించి వచ్చింది గదా, గమ్మునుండు!” అని ఒకావిడ కసిరింది.

నలభై అడుగుల దగ్గర మాను ఊగడం మొదలుపెట్టింది. నీలగిరి మాను చింతలాగా కాదు. ఊగితే తుదా మొదలూ కలిసి ఊగుతుంది. మునీశ్వరి దానితో పాటు ఊగింది. ఊపు ఇటు వచ్చినప్పుడు ఆగి, అటు పోయేటప్పుడు అడుగు వేసింది. పద్యం ఎక్కడా విరగలేదు. చివరి మేకు దాటి పలక మీదికి చేరి నిలబడ్డప్పుడు కిందినుంచి లేచిన అరుపు కుప్పం రైలుస్టేషనుదాకా వినిపించిందని తరువాత చెప్పుకున్నారు. గరుడపక్షి మూడుసార్లు చుట్టూ తిరిగిందని కూడా చెప్పుకున్నారు. మునీశ్వరి పక్షినేమీ చూడలేదు. ఆమె చూసింది జనాన్ని. నాలుగువేల ముఖాలు పైకెత్తి ఉన్నాయి. అందులో ఒక్కటి కూడా ఇప్పుడు ఆమెను మరొకరనుకోవడం లేదు.

నిమ్మకాయలు విసిరింది. మొదటిది ఇందాక లేచి మాట్లాడిన పడుచు కొంగులోనే పడింది. అరటిపండ్లు, పూలు, చివరికి సంచిలో మిగిలిన బూడిద కూడా పోసేసింది. ఆ పైన పద్మాసనం వేసి కూర్చుని తపస్సు పద్యాలు ఎత్తుకుంది. ఉమాపతి అయితే రెండు పద్యాలు పాడి దిగేవాడు. ఆమె ఏడు పాడింది. కుర్చీలో కాలు చాపుకుని కూర్చున్న ఉమాపతి తొడ మీద తాళం వేస్తున్నాడు.

మిట్టమధ్యాహ్నమైంది. గంగులప్ప ఒంటి మీది బూడిదరంగు చెమటకు చారలు కడుతోంది.

“ఇంగ దిగమ్మా!” అని చేతులు ఊపాడు. “ఎండ జాస్తి అయితాండాది!”

“శివుడు ఇంగా మెచ్చలేదు గదప్పా!” అన్నది పైనుంచి. “మెచ్చకుండా ఎట్ల దిగేది?”

మైదానమంతా పకపకమన్నది. ఆనవాయితీ ఆమె వైపే ఉంది, కాదనడానికి లేదు. శివుడు నోరు విప్పి మెచ్చాలి, ఎవరిని మెచ్చాడో అందరికీ వినపడేలా చెప్పాలి. గంగులప్ప ఉమాపతి దగ్గరికి వెళ్ళి మైకు తీసుకున్నాడు. అట్టపామును సరిచేసుకున్నాడు. “అర్జునా,” అని మొదలుపెట్టి ఆగాడు. నాలుగువేలమంది అతని వైపు చూస్తున్నారు. పైనుంచి ఒకరు చూస్తున్నారు.

“అమ్మా మునీశ్వరమ్మా,” అన్నాడు శివుడు, నాలుగు బూరల్లోంచీ. “పుంగనూరు మునీశ్వరమ్మా! నీ తపస్సుకు మెచ్చినాము. పాశుపతం ఇస్తాండాము. వచ్చి తీసుకో తల్లీ.”

“ఇంగ రెండు పద్యాలు ఉండాయి సామీ,” అన్నది మునీశ్వరి. “పాడుకోని వస్తా.”

ఆ రెండు పద్యాలూ అయ్యేదాకా శివుడు చేతిలో బాణం పట్టుకుని ఎండలో నిలబడే ఉన్నాడు.